పద్నాలుగో రోజు మాత్ర
మనిషికి మలేరియా తెచ్చే ప్లాస్మోడియం పరాన్నజీవులు, అంటే ఎర్ర రక్తకణాల్లో పెరిగి చివరికి వాటినే చిట్లగొట్టే ఏకకణ జీవులు, ప్రధానంగా ఐదు రకాలు. ప్రాణాలు తీయడంలో ఫాల్సిపారం ముందున్నా, బెంగళూరులోని మహదేవపుర వంటి నిర్మాణ ప్రాంతాల్లో ఎక్కువగా ఆలోచించవలసింది వైవాక్స్ గురించే. దీని రూపాలు కొన్ని, హిప్నోజోయిట్లనే పేరుతో కాలేయంలో నిద్రాణంగా ఉండిపోయి, వారాలకో నెలలకో తిరిగి రక్తంలోకి దిగుతాయి. 3 రోజుల క్లోరోక్విన్ జ్వరాన్ని దించుతుంది గాని వాటి జోలికి పోదు, వాటిని చంపే ప్రైమాక్విన్‌ను 14 రోజులు మింగాలి. జ్వరం జారగానే కూలీ పనిలోకి దిగుతాడు, మేస్త్రీ పిలిస్తే మరో సైటుకు మారతాడు, మిగిలిన మాత్రలు రేకుల షెడ్డులోనే ఉండిపోతాయి. పట్టణాల్లో ఈ జ్వరాన్ని మోసే అనాఫిలిస్ స్టీఫెన్సీ దోమ మురుగులో కాక, శ్లాబు తడపడానికి కట్టిన తేట నీటిలోనూ మూతలేని సంపుల్లోనూ గుడ్లు పెడుతుంది కనుక, ఆ నీటిని నిలవ ఉంచిన యజమానికే మందు బాధ్యత కూడా ఉండాలి. 1895లో కలరా విధులపై ఇదే బెంగళూరుకు వచ్చిన వైద్యుడు రొనాల్డ్ రాస్, 1897 ఆగస్టు 20న సికింద్రాబాదులో దోమ కడుపు గోడలో మలేరియా పరాన్నజీవిని చూశాడు. అంతటి జ్ఞానం చేతిలో ఉండగా, చికిత్స పూర్తిచేసే భారాన్ని దినకూలీ ఒక్కడి మీదే వదిలేయడం అన్యాయం. ప్రైమాక్విన్‌కు రక్తకణాలు చిట్లే జి6పిడి ఎంజైము లోపం ఉన్నదీ లేనిదీ ముందే పరీక్షించి, పద్నాలుగో రోజు మాత్ర వరకూ కూలి కోయకుండా దగ్గరుండి వేయించాలన్న షరతు నిర్మాణ అనుమతి పత్రంలోనే ఉండాలి.