పల్లెకాడి మాటలు – 17: నేల టికెట్టోడి నోరు



హైవే మీద నెల్లూరు నుంచి కావలి వైపు పోతుంటే కొడవలూరు మండలం చంద్రశేఖరపురం తగులుతుంది. సినీ విమర్శకుడు కత్తి మహేష్ కారుకు 2021 జూన్ 26న ప్రమాదం జరిగింది అక్కడే. చెన్నైలో చికిత్స పొందుతూ జూలై 10న చనిపోయాడు.

ఆ రెండు వారాల మధ్యలో ఒక సాయంత్రం మా అక్క కొడుకు ఫోన్ చూసుకుంటూ నవ్వుతున్నాడు. రొయ్యల గుంటల కాడ కూలికి పోయే పిల్లోడు. హీరో సినిమా వస్తే వారం కూలి ఫ్లెక్సీకి పెడతాడు. ఏందిరా అంటే చూపించాడు. ఆసుపత్రిలో ఉన్న మనిషి మీద జోకు.

"మా హీరోని తిట్టాడు మామా. తగిన శాస్తి."

"ఆయన ఎవరో తెలుసా?"

"ఎవరైతే ఏంది?"

"మనోడే. చిత్తూరు జిల్లా దళితుడు."

వాడి నవ్వు ఆగిపోయింది.

మహేష్ అన్నవన్నీ ఒప్పని నేను చెప్పను. ఆయన రివ్యూలు కొన్ని నాకూ నచ్చలేదు. యూట్యూబ్‌లో వ్యూస్ కోసమే సినిమాని చీల్చేవాళ్లు ఉన్నారు. ఒక్క మాటతో వందల మంది కష్టం పోతుందని అభిమానులు బాధపడతారు, అదీ అర్థమవుతుంది. అయితే రివ్యూ తప్పయితే ఎక్కడ తప్పో రాయాలి. పవన్ కల్యాణ్ సినిమాల మీద, రాజకీయాల మీద మాట్లాడినందుకు మహేష్‌కి దక్కిన జవాబేంది? బెదిరింపు ఫోన్లు, కులం ఎత్తి బూతులు, 2018 జనవరిలో కోడిగుడ్లు. సినిమా దగ్గర మొదలైన మాట పుట్టుక దగ్గరికి పోయింది. అదే మాట పైకులం విమర్శకుడు అంటే "డబ్బు తీసుకున్నాడు" అంటారు. మనోడు అంటే "నీ బతుకెంత" అంటారు. తేడా అక్కడుంది.

నన్ను ఇంకా ఎక్కువ నొప్పించేది ఆ బూతులు షేర్ చేసే చేతుల్లో మన పల్లె పిల్లల చేతులు కూడా ఉండటం. మన తాతలు నేల టికెట్ కొని మట్టిలో కూర్చుని సినిమా చూశారు. నేల టికెట్టోడు ఈల వేస్తే ముద్దు, తప్పు పడితే నేరమా? కూలి డబ్బుతో టికెట్ కొన్నోడికి బాగాలేదని చెప్పే హక్కు అందరికన్నా ముందుంది.

మా అల్లుడు ఇప్పటికీ ఫ్లెక్సీ కడతాడు. నేను వద్దనను. మొన్న ఒక సినిమా చూసొచ్చి గొంతు తగ్గించి చెప్పాడు: "సెకండాఫ్ బోరు మామా. గ్రూపులో అంటే కొడతారు."

"రాయి నాయనా," అన్నా. "నీ పేరుతోనే రాయి."

ఇంకా రాయలేదు. ఎదురు చూస్తున్నా.

జై భీమ్.