పొరుగింటి నుండి వచ్చిన పళ్లెం

ఇంగ్లండులోని లీడ్స్ నగరంలో కాపురముంటున్న మా పూర్వ విద్యార్థిని ఒకామె ఇటీవల మాకు ఫోను చేసింది. పొరుగింటి వృద్ధురాలు తన పెరటి రూబార్బ్‌తో ‘పై’ అనే వంటకం చేసి, వేడివేడిగా తెచ్చి ఇచ్చిందట. ఈమె గుమ్మంలోనే “మేము తినము” అని చెప్పి తలుపు వేసుకున్నదట. “ఆమె ముఖం చిన్నబోయింది ఉస్తాద్ గారూ! నేను చేసినది తప్పా?” అని అడిగింది.

ఆమె సందేహం నిరాధారమైనది కాదు. పై అంటే రెండు మైదా పొరల నడుమ పండ్ల ముక్కలు నింపి ఓవెన్‌లో కాల్చే పదార్థం. పళ్లెమంత కజ్జికాయ అనుకోవచ్చు. ఆ దేశాలలో ఈ పిండిని పంది కొవ్వుతో కలపడం పాత అలవాటు. నేడు వెన్నతో చేసేవారూ అనేకులు. కనుక తినే ముందు విచారించడం మన విధి. కాని విచారించడం వేరు, తిరస్కరించడం వేరు. “అమ్మా, ఇందులో ఏ కొవ్వు వాడారు?” అన్న ఒక్క ప్రశ్న చాలును. పొరుగువారి హక్కు, వారు ఏ మతస్థులైనా, మనపై ఉండనే ఉన్నది.

లోపం ఆ అమ్మాయిది మాత్రమే కాదు. ఏది తినరాదో ఏళ్ల తరబడి బోధించాము. మనసు నొవ్వకుండా ఎలా వద్దనాలో ఒక్క పూటైనా బోధించలేదు. అందుకే, “నీవే వండి ఆమెకు తీసుకొని వెళ్లు తల్లీ” అన్నాము.

రూబార్బ్ మనకు బొత్తిగా పరాయిది కాదు. యునానీ హకీములు ‘రేవంద్ చీనీ’ పేరుతో వాడే వేరు ఈ జాతి మొక్కదే. లీడ్స్, వేక్‌ఫీల్డ్ ప్రాంతంలో దీనిని శీతకాలంలో చీకటి షెడ్లలో పెంచి, కొవ్వొత్తి వెలుగులో కోస్తారు. నిజానికి ఇది పండు కాదు, ఎర్రని పుల్లని కాడ. అయినా వంటలో దాని వాడుకను బట్టి 1947లో అమెరికా కస్టమ్స్ కోర్టు దీనిని పండుగానే లెక్కించింది.

అక్కడి తెలుగు గృహిణులు గోంగూరకు బదులు దీనితో పప్పు, పచ్చడి చేస్తారు. అయితే ఒక హెచ్చరిక: గోంగూరలో ఆకు తింటాము, ఇందులో ఆకు విషం. దానిలో ఆక్సాలిక్ ఆమ్లం అధికం. మొదటి ప్రపంచ యుద్ధపు ఆహార కొరతలో బ్రిటన్‌లో ఆ ఆకును కూరగా వండుకొని ప్రాణాలు కోల్పోయినవారున్నారు. కాడలు మాత్రమే ఉంచుకొని ఆకులు పారవేయాలి.

ఇక విధానం. 350 గ్రాముల మైదాలో చిటికెడు ఉప్పు, 225 గ్రాముల చల్లని వెన్న ముక్కలు వేసి వేలికొనలతో రవ్వలా నలపాలి. చన్నీళ్లు కొద్దికొద్దిగా చల్లి ముద్ద చేయాలి. చపాతీ పిండిలా మర్దించరాదు. వెన్న కరగకుండా ఉంటేనే కాలేటప్పుడు పొరలు విచ్చుకుంటాయి. ముద్దను రెండు భాగాలు చేసి అరగంట ఫ్రిజ్‌లో ఉంచాలి. 700 గ్రాముల కాడల ముక్కలకు 200 గ్రాముల చక్కెర, మూడు చెంచాల కార్న్‌ఫ్లోర్ కలపాలి. ఒక పొర పళ్లెంలో పరచి, ముక్కలు నింపి, రెండవ పొర కప్పి అంచులు నొక్కాలి. ఆవిరి పోవడానికి పైపొరకు నాలుగు గాట్లు పెట్టాలి. 200 డిగ్రీల వద్ద ఇరవై నిమిషాలు, పిదప 180 వద్ద సుమారు నలభై నిమిషాలు కాల్చాలి. రెండు మూడు గంటలు చల్లారనివ్వక కోస్తే రసమంతా కారిపోతుంది.

పదిరోజులకు ఆ అమ్మాయి మళ్లీ ఫోను చేసింది. మొదటిసారి అడుగు పొర పచ్చిగా మిగిలిందట, రెండవసారి కుదిరిందట. పళ్లెం తీసుకొని వెళ్లి, ఆనాటి మాటకు క్షమాపణ కోరి, కారణం వివరించిందట. వృద్ధురాలు లోపలికి పిలిచి టీ ఇచ్చి, “నేనూ వెన్నతోనే చేశానమ్మా, అడిగి ఉంటే చెప్పేదానను కదా” అన్నదట.

మన పిల్లలకు హలాల్, హరామ్ నేర్పుతున్నాము. దానితో పాటు ఆ ఒక్క ప్రశ్న అడిగే మర్యాదను కూడా నేర్పుదాము.