బాల్కనీలో ముల్లంగి

"ఎలాగూ వెళ్ళిపోయేవాళ్ళమే కదా, ఇక్కడ మొక్కలెందుకు?" అంటుంటారు బర్ దుబాయ్‌లో మనవాళ్ళు. ఈ మాట నాకస్సలు నచ్చదండీ. 2 ఏళ్ళ వీసా అంటూనే పొడిగించుకుంటూ 10, 15 ఏళ్ళు గడిపేస్తాం. ముల్లంగి అడిగేది 40, 50 రోజులే!

ఇంగ్లండు వాళ్ళ పార్స్‌నిప్ అయితే మొలకెత్తడానికే 2, 3 వారాలు, దుంప ఊరడానికి 4, 5 నెలలు. మన ముల్లంగి 5 రోజుల్లో మొలుస్తుంది. అక్టోబరు చివర్లో ఎండ తగ్గాక, అడుగు లోతున్న కుండీలో నేరుగా గింజలు వెయ్యండి. నారు పోసి మార్చి నాటితే తల్లివేరు దెబ్బతిని దుంప వంకర పోతుంది. మొలకలు ఒత్తుగా వస్తే పలచన చెయ్యాలి. పీకినవి పారెయ్యకండి, పప్పులోకి బావుంటాయి.

మన్‌ఖూల్ వైపు ఏ సూపర్ మార్కెట్లోనైనా ముల్లంగి దొరుకుతుంది, కాదనను. నేను చెప్పేది డబ్బు ఆదా గురించి కాదు. ఇక్కడ పుట్టిన పిల్లలకి కూరగాయంటే ప్లాస్టిక్ సంచీలో ఉండేదే. మట్టిలోంచి దుంప లాగడం వాళ్ళకి సెలవుల్లో ఊరెళ్తే తప్ప తెలీకపోతే ఎలా?

ఈసారి చలికాలానికి ఒక్క కుండీ పెట్టి చూడండి. వెళ్ళిపోయే రోజొస్తే పక్క ఫ్లాట్ వాళ్ళకి ఇచ్చేస్తే సరి.