ఆకాశవాణి ఎవరి వాణి?

రేడియో అనగానే మనవాళ్ళకు కళ్ళు చెమర్చడం ఒక ఆచారమైపోయింది. తెల్లవారుజామున భక్తిరంజని, మధ్యాహ్నం కార్మికుల కార్యక్రమం, ఆదివారం నాటకం తలచుకోనివారు లేరు. నేనూ ఆ గోష్ఠిలో వాడినే. అయినా ఈ స్మృతిగీతాల నడుమ ఒక అపస్వరం పలికించక తప్పడం లేదు. ఆకాశవాణిలో పనిచేసిన మహానుభావుల గొప్పతనాన్ని మనం ఆ సంస్థ ఖాతాలో జమ వేస్తున్నాం. ఆ లెక్క తప్పని నా వాదన.

1927 జులై 23న బొంబాయిలో ప్రసారాలు ప్రారంభించింది ఒక ప్రైవేటు కంపెనీ. మూడేళ్ళు తిరక్కుండానే అది మూతపడగా, 1930లో ప్రభుత్వం ఆ ప్రసారాలను చేతిలోకి తీసుకుంది. 1936లో ఆల్ ఇండియా రేడియో అని పేరు పెట్టింది. పరాయి పాలకులు రేడియోను తమ గొంతుగా చేసుకోవడంలో వింతలేదు. వింత తరువాతి కథలో ఉంది. 1947లో దొరలు వెళ్ళిపోయారు. దొరతనం మాత్రం స్టూడియోలోనే ఉండిపోయింది.

1952లో సమాచార ప్రసార శాఖ మంత్రి కేస్కర్‌కు సినిమా పాటలు గిట్టలేదు. అవి ఆకాశవాణి నుంచి దాదాపు మాయమయ్యాయి. శ్రోతలు రేడియో సిలోన్‌కు తరలిపోయారు. వాళ్ళను వెనక్కి రప్పించుకోవడానికి 1957లో వివిధభారతి పుట్టింది. ఆయన శాస్త్రీయ సంగీతానికి మేలు చేశారు కదా అంటారు. చేశారు, కాదనను. కానీ మేలైనా కీడైనా ఒక మంత్రిగారి అభిరుచి మీద ఆధారపడటమే నా అభ్యంతరం.

1975 జూన్ 26 ఉదయం అత్యవసర పరిస్థితి గురించి ఇందిరాగాంధీ దేశానికి చెప్పింది ఈ రేడియోలోనే. ప్రతిపక్ష నాయకులు జైళ్ళలో ఉండగా, వార్తల్లో ఇరవై సూత్రాల పథకం వర్ధిల్లింది. ప్రభుత్వ ప్రచారానికి పాడనన్న కిశోర్ కుమార్ పాటలు 1976లో ఆగిపోయాయి. జనం దానికి 'ఆల్ ఇందిరా రేడియో' అని ఊరికే పేరు పెట్టలేదు.

అది ఒక్క ప్రధాని పాపమని సరిపెట్టుకుందామా? రేడియోకు స్వతంత్ర కార్పొరేషన్ ఉండాలని చందా కమిటీ 1966లోనే చెప్పింది. 'ఆకాశ్ భారతి' పేరిట స్వయంప్రతిపత్తి ఇవ్వాలని వర్గీస్ కమిటీ 1978లో చెప్పింది. ప్రసారభారతి చట్టం 1990లో వచ్చింది, అమలు కావడానికి 1997 దాకా పట్టింది. ఆ ఏడేళ్ళలో మన తెలుగు ప్రధాని పాలించిన అయిదేళ్ళూ ఉన్నాయి! గాలితరంగాలు ప్రజల ఆస్తి అని 1995లో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా 2011 నాటి విధానం ప్రైవేటు ఎఫ్.ఎం.లకు ఇచ్చిన వెసులుబాటు ఆకాశవాణి వార్తలను మక్కికి మక్కీ వినిపించడం వరకే. 2023లో ఆల్ ఇండియా రేడియో అనే పేరును పక్కనపెట్టి ఆకాశవాణి అనే పేరునే ఖాయం చేశారు. పేరు మార్చడం సులువు. ప్రసారభారతికి డబ్బు ఇప్పటికీ మంత్రిత్వశాఖ గుండానే రావాలి.

ఇక మన సంగతి. 1938లో మద్రాసు కేంద్రం, 1948లో విజయవాడ కేంద్రం వచ్చాయి. రజనీకాంతరావు, బుచ్చిబాబు, కృష్ణశాస్త్రి వంటివారు అందులో చేరి, ఫైళ్ళ మధ్య కూర్చుని, మనకు తెలుగు వినిపించారు. వారికి జీతమిచ్చింది ప్రభుత్వమే కదా అని ఎవరైనా అడగవచ్చు. అయ్యా, ఇచ్చింది మనం. మన తాతతండ్రులు పోస్టాఫీసు కిటికీ ముందు నిలబడి ఏటేటా రేడియో లైసెన్సు కట్టారు. అందుకే ఆ రేడియోను నిలదీసే హక్కు మనకుంది.

రేడియో జ్ఞాపకాలు రాసే మిత్రులకు ఒక్క విన్నపం. విన్న పాటల గురించి తప్పక రాయండి. వినబడకుండా చేసిన వార్తల గురించి కూడా రాయండి. నాతో ఏకీభవించనివారు నిరభ్యంతరంగా వాదించవచ్చు. ఆ సౌకర్యం మన తాతతండ్రులకు ఆ రేడియోలో దొరకలేదు.