కుడి సగం, ఎడమ సగం

తుమ్ములకూ ఒంటి దురదలకూ మందుల షాపులో సాధారణంగా ఇచ్చే బిళ్ళలు రెండు. సెటిరిజిన్ అయితే పెద్దవాళ్ళకు రోజుకు 10 మిల్లీగ్రాములు. లీవోసెటిరిజిన్ అయితే 5 మిల్లీగ్రాములు. మోతాదు సగానికి తగ్గింది కాబట్టి రెండోది మరింత ఘాటైన కొత్త మందు అనుకుంటారు చాలామంది. నిజానికి మొదటి బిళ్ళలో ఉన్న మందులో రెండు సగాలున్నాయి. అందులో ఎక్కువగా పనిచేసే సగాన్ని వేరుచేసి రెండో బిళ్ళలో పెట్టారు. ఆ రెండు సగాలూ సమపాళ్ళలో కలిసి ఉన్నదాన్ని కర్బన రసాయన శాస్త్రం ‘రెసిమిక్ మిశ్రమం’ అంటుంది. ఇంటర్మీడియట్ రెండో సంవత్సరంలో రెండు మార్కుల జవాబుగా మన పిల్లలు ఏటా ఈ మాటను కంఠస్థం చేస్తారు. పరీక్ష హాలు దాటాక ఎవరికీ గుర్తుండదు. ఇంట్లో మందుల డబ్బా ఉన్న ప్రతి ఒక్కరికీ గుర్తుండవలసిన మాట అది.

అరచేతులు రెండూ కలిపి నమస్కారం పెడితే వేలికి వేలు సరిపోతుంది. అదే ఒక చేతిని ఇంకో చేతి మీద, రెండు అరచేతులూ నేలను చూసేటట్టు పెడితే బొటనవేళ్ళు చెరో పక్కకు పోతాయి. ఎంత తిప్పినా కుడి చెయ్యి ఎడమ చెయ్యి కాదు. అద్దంలోని తన ప్రతిబింబంతో ఏ విధంగానూ ఏకం కాని ఆకారానికి ‘కైరాలిటీ’ ఉందని 1893లో ఆక్స్‌ఫర్డ్‌లో చేసిన ప్రసంగంలో లార్డ్ కెల్విన్ అన్నారు. గ్రీకు భాషలో చేతికి ఉన్న పేరు నుంచే ఆ మాటను తీశారు. కర్బన అణువుల్లో చాలావాటికి ఇలాంటి జంటలుంటాయి. పరమాణువులు అవే, వాటి లెక్క అదే, ఏది దేనికి అతుక్కుని ఉందన్న వరసా అదే. కరిగే ఉష్ణోగ్రతా సాంద్రతా కూడా ఒకటే. జంటలో ఒక్కొక్కదాన్నీ ఎనాన్షియోమర్ అంటారు. ధ్రువిత కాంతిని (ఒకే తలంలో కంపించే కాంతిని) వాటిగుండా పంపినప్పుడు మాత్రం ఒకటి దాన్ని కుడివైపుకు తిప్పుతుంది, రెండోది సరిగ్గా అంతే కోణంలో ఎడమవైపుకు. రెండూ సమంగా కలిస్తే కాంతి ఎటూ తిరగదు. అదే రెసిమిక్.

ఈ మాట పుట్టింది ద్రాక్షసారా పీపాల దగ్గర. పీపాల గోడలకు పేరుకునే గట్టి మడ్డిలోంచి టార్టారిక్ ఆమ్లం తీసేవారు. 1820 ప్రాంతంలో ఫ్రాన్స్‌లోని ఆల్సేస్‌లో, తాన్ పట్టణంలో కెస్ట్‌నర్ అనే ఆయన కార్ఖానాలో దానితోపాటు మరో ఆమ్లం కనిపించింది. ఏ అంశాలు ఎంతెంత ఉన్నాయో లెక్కకడితే అచ్చం టార్టారిక్ ఆమ్లమే, కానీ కాంతిని తిప్పదు. గే-లుసాక్ దానికి రెసిమిక్ ఆమ్లం అని పేరు పెట్టారు. లాటిన్‌లో ‘రసీమస్’ అంటే ద్రాక్షగుత్తి. అప్పటికది ఒకే ఒక్క పదార్థం పేరు. దాన్ని ఇవాళ్టి అర్థానికి తీసుకొచ్చింది లూయీ పాశ్చర్.

1848లో పాశ్చర్‌కు పాతికేళ్ళు. రెసిమిక్ ఆమ్లం నుంచి చేసిన సోడియం అమోనియం లవణం స్ఫటికాలను ఆయన ప్యారిస్‌లో ఓపిగ్గా పరిశీలించారు. స్ఫటికం అంచున ఉండే ఒక చిన్న ముఖం కొన్నింటిలో కుడివైపుకు వాలి ఉంది, కొన్నింటిలో ఎడమవైపుకు. పట్టకారుతో ఒక్కొక్కటే ఏరి రెండు కుప్పలు చేశారు. విడివిడిగా నీళ్ళలో కరిగించి చూస్తే ఒక ద్రావణం కాంతిని కుడికి తిప్పింది, రెండోది ఎడమకు. ద్రవాలు కాంతిని తిప్పుతాయని 1815లోనే కనిపెట్టిన జాన్ బాప్టిస్ట్ బియో ఈ కబురు విని వెంటనే నమ్మలేదు. అప్పటికే వృద్ధుడైన ఆయన, తానిచ్చిన రసాయనాలతో తన కళ్ళముందు మళ్ళీ చేసి చూపమన్నారు. పాశ్చర్ చేసి చూపారు. ఇందులో వాతావరణం తోడ్పాటు కూడా ఉంది. ఆ లవణం సుమారు 28 డిగ్రీల సెల్సియస్ లోపున మాత్రమే కుడి స్ఫటికాలుగా, ఎడమ స్ఫటికాలుగా విడిపోతుంది. అంతకన్నా వేడిగా ఉంటే రెండు రకాలూ కలగలిసిన ఒకే స్ఫటికం వస్తుంది. మన బెజవాడ ఎండల్లో ఆ ప్రయోగం అలా ఫలించేది కాదు.

పదేళ్ళ తర్వాత పాశ్చర్ మరో సంగతి గమనించారు. రెసిమిక్ లవణం ఉన్న ద్రావణంలో బూజు పెరగనిస్తే, బూజు కుడి రకాన్ని తినేసి ఎడమ రకాన్ని వదిలేసింది. ప్రయోగశాలలోని మామూలు పరీక్షలకు అందని తేడా బూజుకు తెలిసింది. స్ఫటికాలు ఏరిన కథే ఎక్కువ ప్రసిద్ధి. కానీ మన ఒంటికి సంబంధించినంతవరకు ఈ రెండో పరిశీలనే ఎక్కువ విలువైనదని చెప్పాలి. జీవం ఉన్న చోట కుడి ఎడమల తేడా ఎప్పుడూ లెక్కలోకి వస్తుంది.

మన వంటింట్లోనే చూడవచ్చు. చింతపండు పులుపులో పెద్ద వాటా ఈ టార్టారిక్ ఆమ్లానిదే. చింతచెట్టు కాంతిని కుడికి తిప్పే రకాన్నే తయారు చేస్తుంది. ద్రాక్షతీగా అంతే. గట్టిగా వేడిచేస్తే అందులో కొంత రెసిమిక్‌గా మారుతుందని చూపింది కూడా పాశ్చరే. పుదీనా రకాల్లో స్పియర్‌మింట్ అనే దానికి ఆ వాసన కార్వోన్ అనే పదార్థం వల్ల వస్తుంది. సోయికూర గింజల వాసనలో ముఖ్యమైనదీ కార్వోనే. ఒకదాని అద్దపు బింబం మరొకటి. ముక్కు వాటిని రెండు వేర్వేరు వాసనలుగా పోల్చుకుంటుంది. చేల గట్ల మీద పాకే దూలగొండి గింజల్లో ఎల్-డోపా ఉంటుంది. ఆ గింజల నుంచి దాన్ని వేరుచేసినట్టు 1937లో మద్రాసు నుంచి దామోదరన్, రామస్వామి ప్రకటించారు. పార్కిన్సన్ వ్యాధికి మందుగా వాడేది ఆ ఎల్ రూపాన్నే. దాని అద్దపు బింబం ఆ పని చేయకపోగా హాని చేస్తుంది. మొక్క ఒకే రూపాన్ని చేస్తుంది. మనిషి ఫ్లాస్కులో మామూలు పద్ధతిలో చేస్తే రెండూ సగం సగం వస్తాయి. ఒక్క రూపాన్నే పెద్ద ఎత్తున చేసే ఉత్ప్రేరకాలను రూపొందించినందుకు విలియం నోల్స్, ర్యోజీ నొయోరి, బారీ షార్ప్‌లెస్‌లకు 2001లో నోబెల్ వచ్చింది. నోల్స్ పద్ధతితో పరిశ్రమలో తయారైంది ఈ ఎల్-డోపానే.

ఒంటికి ఈ పట్టింపు ఎందుకంటే, మన ప్రోటీన్లు ఒకే చేతివాటం ఉన్న అమైనో ఆమ్లాలతో కట్టినవి. మందు అణువు వెళ్ళి కూర్చోవలసిన చోటు కూడా ఆ ప్రోటీన్లలోనే ఉంటుంది. కుడికాలి చెప్పు ఎడమకాలికి తొడిగితే ఎలా ఉంటుందో, రెండో ఎనాన్షియోమర్ అక్కడ అలా ఉంటుంది. కొన్నిసార్లు అసలు పట్టదు. కొన్నిసార్లు వదులుగా పడుతుంది. కొన్నిసార్లు వెళ్ళకూడని మరో చోట పడుతుంది.

ఇక పేర్ల దగ్గర విద్యార్థులు తికమక పడితే తప్పు వాళ్ళది కాదు. కుడి ఎడమలను రసాయన శాస్త్రం మూడు లెక్కల్లో రాస్తుంది. కాంతి ఎటు తిరిగిందన్నది ఒకటి. డి, ఎల్ అనే పాత గుర్తులు రెండోది. కాన్, ఇంగోల్డ్, ప్రెలాగ్ కలిసి పెట్టిన ఆర్, ఎస్ గుర్తులు మూడోది. ఒక లెక్క తెలిసినంత మాత్రాన రెండోది చెప్పలేం. చింతపండులోని టార్టారిక్ ఆమ్లం కాంతిని కుడికి తిప్పుతుంది, పాత గుర్తుల్లో అది ఎల్, కొత్త గుర్తుల్లో ఆర్. లీవోసెటిరిజిన్‌లో ‘లీవో’ అంటే కాంతిని ఎడమకు తిప్పేదని, కానీ దాని అమరిక ఆర్. లీవోఫ్లాక్సాసిన్‌లోనూ ‘లీవో’ ఉంది, దాని అమరిక ఎస్. ఎస్సిటాలోప్రామ్, ఎసోమెప్రజోల్ పేర్ల ముందున్నది ఆ ఎస్ గుర్తే. పైగా అణువులో నిజంగా ఏది ఎటు ఉందో చాలాకాలం ఎవరూ చూడలేదు. ఉన్న రెండు అవకాశాల్లో ఎమిల్ ఫిషర్ ఒకదాన్ని ఊహించి రాస్తే, ప్రపంచమంతా దాన్నే అనుసరించింది. 1951లో నెదర్లాండ్స్‌లో బైఫూట్ బృందం ఎక్స్‌రేలతో చూసి ఫిషర్ ఊహ సరైనదేనని తేల్చింది. వాళ్ళు తీసుకున్న స్ఫటికం కూడా టార్టారిక్ ఆమ్లపు లవణమే.

రెసిమిక్ అనగానే కల్తీ అనీ, ఒకే ఎనాన్షియోమర్ అనగానే మేలురకం అనీ అనుకోవడం తొందరపాటు. నొప్పుల మందు ఐబూప్రోఫెన్ చాలాచోట్ల రెసిమిక్‌గానే అమ్ముడవుతోంది. పనిచేసేది ఎస్ రూపం. ఆర్ రూపంలో చాలా భాగాన్ని శరీరమే ఎస్‌గా మార్చుకుంటుంది. గ్యాస్ మందు ఒమెప్రజోల్ సంగతి ఇంకా గమనించదగ్గది. కడుపులో ఆమ్లం తయారుచేసే కణాల దగ్గరికి చేరాక దాని రెండు సగాలూ కుడి ఎడమలు పోగొట్టుకుని ఒకే పదార్థంగా మారి పనిచేస్తాయి. కాలేయం ఎస్ సగాన్ని నెమ్మదిగా ఖర్చు చేస్తుంది కాబట్టి, ఆ సగం మాత్రమే ఉన్న ఎసోమెప్రజోల్ రక్తంలో కాస్త ఎక్కువసేపు నిలుస్తుంది. దానివల్ల రోగికి దక్కే అదనపు మేలు ఎంత అన్నది వాదనలో ఉన్న విషయమే. పాత మందు పేటెంటు ముగిసే వేళకు కొత్త పేరుతో సగం మందు రావడం ఔషధ వ్యాపారంలో తెలిసిన దారి. కొన్నిసార్లు అది రోగికి మేలు చేసింది, కొన్నిసార్లు ధర పెంచింది. అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ 1992లో దీనిపై విధానం ప్రకటించింది. అది రెసిమిక్ మందులను నిషేధించలేదు. రెండు సగాలూ ఏం చేస్తాయో విడివిడిగా తెలుసుకుని రమ్మని కంపెనీలకు చెప్పింది. న్యాయమైన మాట అదే.

తరగతి గదుల్లో ఈ పాఠం చెప్పేటప్పుడు థాలిడోమైడ్ పేరు తప్పక వస్తుంది. 1957లో పశ్చిమ జర్మనీలో నిద్రమందుగా మార్కెట్లోకి వచ్చింది. గర్భిణుల వేవిళ్ళకు కూడా వాడారు. చేతులూ కాళ్ళూ సరిగా ఎదగని బిడ్డలు వేల సంఖ్యలో పుట్టాక 1961 చివర్లో వెనక్కి తీసుకున్నారు. అమెరికాలో ఫ్రాన్సెస్ కెల్సీ అనే అధికారిణి ఆధారాలు చాలవని అనుమతి ఇవ్వకుండా ఆపారు. ఒక సగం నిద్రపుచ్చేదనీ, రెండో సగం బిడ్డలకు హాని చేసిందనీ, మంచి సగాన్నే ఇచ్చి ఉంటే ఈ ఘోరం జరిగేదే కాదనీ పాఠం ముగిస్తారు. ఆ ముగింపు సరైనది కాదు. థాలిడోమైడ్ రక్తంలోకి వెళ్ళాక ఒక రూపం నుంచి రెండో రూపానికి కొద్ది గంటల్లోనే మారిపోతూ ఉంటుంది. ఏ సగం ఇచ్చినా చివరికి ఒంట్లో రెండూ ఉంటాయి. దీన్ని రెసిమైజేషన్ అంటారు. ఆ తల్లులకూ పిల్లలకూ జరిగిన అన్యాయాన్ని చక్కగా అమరిన కథ కోసం సరళం చేయడం మంచిది కాదు. గర్భంలోని శిశువుపై ఆ మందు ప్రభావాన్ని సరిగా పరీక్షించకుండా అమ్మడమే అక్కడ జరిగిన నేరం.

రెసిమిక్ అన్న మాట మన ప్రాంతంలో రోజూ వినపడే చోట్లూ ఉన్నాయి. జీడిమెట్ల, పాశమైలారం, పరవాడ ఔషధ కర్మాగారాల్లో ‘కైరల్ ప్యూరిటీ ఎంత వచ్చింది’ అన్నది క్వాలిటీ కంట్రోల్ గదిలో మామూలు ప్రశ్న. రెసిమిక్‌ను రెండుగా విడదీయడాన్ని అక్కడ రిజల్యూషన్ అంటారు. రక్తపోటు మందు అమ్లోడిపిన్ నుంచి ఎస్-అమ్లోడిపిన్‌ను విడదీసే పద్ధతుల్లో బాగా తెలిసినది టార్టారిక్ ఆమ్లంతో లవణం కట్టించి ఒక రూపాన్ని ముందుగా స్ఫటికంగా దించడం. పాశ్చర్ చేతిలో విడిపోయిన పదార్థమే ఇప్పుడు ఇతర మందులను విడదీస్తోంది. రాత్రి షిఫ్టుల్లో ఆ పని చేస్తున్నవాళ్ళలో మన డిగ్రీ కళాశాలల్లో కెమిస్ట్రీ చదివిన పిల్లలు ఎందరో. కళాశాలలో వాళ్ళకు ఈ మాటను నిర్వచనంగా కాక, కళ్ళకు కనిపించే సంగతిగా చెప్పి ఉంటే వాళ్ళ పని వాళ్ళకు ఇంకా ఇష్టంగా ఉండేది.

కెమిస్ట్రీ అధ్యాపకులకు ఒక మనవి. ఈ పాఠం వచ్చిన రోజు సెటిరిజిన్, లీవోసెటిరిజిన్ ఖాళీ స్ట్రిప్పులు రెండు తరగతికి తీసుకెళ్ళండి. 10, 5 అంకెలు పిల్లల చేతే చదివించి, ఎందుకలా ఉందో వాళ్ళనే అడగండి. పాఠకులకు ఇంకో మాట. అమ్లోడిపిన్ 5 మిల్లీగ్రాములు వాడుతున్న పెద్దలకు డాక్టరు ఎస్-అమ్లోడిపిన్ 2.5 మిల్లీగ్రాములు రాస్తే మోతాదు తగ్గించినట్టు కాదు. పనిచేసే సగం రెండింటిలోనూ అంతే ఉంటుంది. సగమే కదా అని సొంతంగా రెండు బిళ్ళలు వేసుకోకండి, పాతవీ కొత్తవీ కలిపి వాడకండి. మందు పేరు ముందు లీవో, ఎస్, డెక్స్ అని కొత్తగా కనిపిస్తే మోతాదు ఏమైనా మారిందా అని డాక్టరునో ఫార్మసిస్టునో అడిగి తెలుసుకోండి.