కాలమే ఇంధనమైనచో

అద్భుత కథలలో శక్తికి కొదువ లేదు. ఒక మణియో, ఒక దండమో చాలును; కొండలు కదలును, కోటలు లేచును. ఈ వరుసలో ఆధునిక కల్పనాసాహిత్యము మరియొక వింతను చేర్చినది. అది కాలమునే ఇంధనముగా మండించి పనిచేయు శక్తి. బొగ్గువలె దీనిని గుట్టగా పోసి ఉంచుకొనుటకు వీలులేదు. పట్టు సడలినచో చెదరిపోవును. దానిని నమ్ముకొన్నవారిని కూడ ముంచును. భౌతికశాస్త్రమునకు కాలము ఒక పరిమాణమే గాని ఇంధనము కాదు. అయినను ఈ ఊహను పిల్లల వినోదమని త్రోసివేయరాదు.

దీనికి చక్కని రూపమిచ్చినవాడు జర్మన్ రచయిత మిఖాయేల్ ఎండే. ఆయన ‘మోమో’ అను బాలల నవల 1973లో వెలువడి, 1974లో జర్మన్ బాలసాహిత్య పురస్కారము పొందినది. నగరపు శివార, శిథిలమైన పురాతన రంగస్థలములో నివసించు మోమో అను బాలిక ఇందు నాయిక. ఆ నగరమునకు బూడిదవన్నె దుస్తుల పెద్దమనుషులు వత్తురు. తాము కాలపు పొదుపు బ్యాంకు వారమందురు. ఫూజీ అను క్షురకునికి లెక్కలు కట్టి చూపి, ముసలితల్లితో గడపు గంట కూడ వృథాయేనని నమ్మింతురు. అతడు తల్లిని వృద్ధాశ్రమమునకు పంపును. దుకాణమునకు వచ్చినవారితో ముచ్చటలు మానును. అయినను తీరిక చిక్కదు.

మిగిలిన ఆ కాలమేమైనది? ప్రతి మనిషి హృదయమునను గంటలు పువ్వులై పూయునని ఎండే కల్పన. ఆ పెద్దమనుషులు వానిని దొంగిలించి, తిరిగి యజమానుల చెంతకు ఎగిరిపోకుండ గడ్డకట్టించి దాతురు. పూరేకులను ఎండబెట్టి చుట్టలు చుట్టి త్రాగుదురు. ఆ పొగయే వారి ప్రాణము. చుట్ట చేజారిన క్షణమున వారు మాయమగుదురు. అందుచేతనే సరఫరా ఆగిన నాడు ఒకరి నోటి చుట్టకై మరియొకరు కలియబడుదురు. ఇంత అస్థిరమైన అధికారము మరొకటి ఉండునా?

మన సాహిత్యమునకు ఈ ఊహ పూర్తిగా క్రొత్తది కాదు. నన్నయ ఆదిపర్వమున తెనిగించిన యయాతి కథను తలచుకొందము. శుక్రుని శాపమున ముదిమి పైబడిన యయాతి కొడుకులను యౌవనము అడిగెను. నలుగురు కాదనిరి, పూరుడు ఇచ్చెను. వేయి సంవత్సరములు భోగములనుభవించియు తృప్తి కానక, యయాతి ఆ యౌవనమును కొడుకునకు తిరిగి ఇచ్చి తన ముదిమిని తాను తీసికొనెను. అచ్చట ఇచ్చినవాని పేరు మనకు తెలియును. పుచ్చుకొన్నవాడు అడిగి పుచ్చుకొనెను. కాదన్నవారిని అతడు శపించిన సంగతిని సైతము కథ దాచలేదు. బూడిదవన్నె వారు అడుగరు. పొదుపు అను పేరుతో హరింతురు. రెండు కథలకును నడుమ గల భేదమిదియే.

కాలమును మండించు శక్తిని కల్పించు ప్రతి రచయితయు ‘ఎవరి కాలము?’ అను ప్రశ్నకు సమాధానము చెప్పవలెను. అద్భుత కథకు ఈ జమాఖర్చు లేల యని కొందరు అడుగవచ్చును. అంకెలు అక్కరలేదు, నష్టపోయిన మనిషి కనబడిన చాలును. ఫూజీ తల్లి లేనిచో ఆ చుట్టల పొగ వట్టి గారడీగా మిగిలెడిది. వెల చెల్లింపని మహిమ పాఠకుని క్షణము సేపు అబ్బురపరచును, మరునాటికి జ్ఞాపకముండదు. మన బాలసాహిత్యమున మణులకు, మంత్రములకు లోటు లేదు. వాని వెలను చూపు కథలు ఇంకను రావలసి యున్నవి.

ఈ ప్రశ్న రచయితను కూడ విడువదు. కథ చదువువాడు తన జీవితములో ఒక గంటను మన చేతిలో పెట్టుచున్నాడు. ఎండే కథాంతమున మోమో ఆ నేలమాళిగ తలుపు తెరచినప్పుడు పువ్వులన్నియు యజమానుల హృదయములకు ఎగిరిపోయినవి. పుచ్చుకొన్న గంటను మనము ఆ విధముగా పూవై తిరిగి ఈయగలుగుచున్నామా, లేక చుట్టగా చుట్టి కాల్చివేయుచున్నామా అని కలము పట్టిన ప్రతివాడును తన్ను తాను ప్రశ్నించుకొనుట మేలు.