రేషన్ షాపు ఎవడబ్బ సొత్తు?

ఓట్ల లెక్కింపు అయిన నెల తిరక్కుండానే మా ఊరి రేషన్ షాపు ముందు జీపు ఆగింది. ఐదేళ్లలో ఒక్కసారీ అటు తొంగిచూడని జీపు! బస్తాలు లెక్కపెట్టారు, ఈ-పాస్ మిషన్‌లో నిల్వ చూశారు, తేడా ఉందన్నారు. నిత్యావసర సరుకుల చట్టం కింద 6ఏ కేసు రాశారు, డీలర్ని సస్పెండ్ చేశారు, పక్కూరి డీలరుకు ఇన్‌చార్జి ఇచ్చి వెళ్లిపోయారు. ఆ పక్కూరాయన ఎవరి మనిషో ఊరందరికీ తెలుసు. షాపు పోయినాయన ఎవరి మనిషో కూడా తెలుసు. ఆయనకీ షాపు ఇలాగే దక్కింది మరి.

పోయినాయన సుద్దపూసేం కాదు. తూకంలో కొట్టేవాడు, అడిగితే కసిరేవాడు. అయితే ఐదేళ్లూ దొరగా కనబడినవాడు కౌంటింగ్ అయ్యాకే దొంగగా ఎలా కనబడ్డాడు? అధికారుల కళ్లకు అప్పుడే శుక్లాలు తీశారా? నోటీసు ఇవ్వాలి, సంజాయిషీ తీసుకోవాలి, విచారణ జరపాలి, ఆ తర్వాతే రద్దు. ఈ వరస తప్పిందనే హైకోర్టు ఎన్నో రద్దుల్ని కొట్టేసింది. కొట్టేసేలోపు నెలలు గడుస్తాయి. ఇన్‌చార్జి మాత్రం అసలు డీలరులా స్థిరపడిపోతాడు.

ఆ నెలల్లో నేను చూసింది చెబుతాను. మా వీధి చివరి అవ్వ సంచి చంకన పెట్టుకుని, రెండు కిలోమీటర్లు నడిచి పక్కూరు వెళ్లింది. ఏళ్ల తరబడి నాట్లేసి, కలుపు తీసి అరిగిన వేళ్లు. మిషన్ మీద బొటనవేలు పెట్టింది, పడలేదు. చీరకొంగుకు తుడిచి చూపుడువేలు పెట్టింది, పడలేదు. "నీ వేలు పడట్లేదు పెద్దమ్మా, రేపు రా" అన్నాడు కాటా దగ్గరి కుర్రాడు. రేపంటే మళ్లీ రెండు కిలోమీటర్లు. సస్పెన్షన్ డీలరుకు, శిక్ష అవ్వకు!

ఇక వారసత్వం సంగతి. డీలరు చనిపోతే ఇంట్లోవాళ్లకు కారుణ్యం కింద షాపు ఇవ్వడం ఉంది. మగదిక్కు పోయి పిల్లలతో మిగిలిన ఆడమనిషికి ఆ కాటా దక్కితే నాకేం ఏడుపు లేదు. ఆమెకు ఇవ్వాల్సిందే. కానీ మా వైపు కారుణ్యం అలా లేదు. పొలం చిన్నోడికి, షాపు పెద్దోడికి అని పెద్దమనుషుల ముందు పంపకాలు చేసుకుంటున్నారు. ఆ పెద్దోడు బెంగళూరులో ఉంటాడు. కాగితం ఆయన పేర, కాటా జీతగాడి చేత. తాతనాటి షాపట! సర్కారు బియ్యం ఎప్పుడయ్యా మీ తాత పండించింది?

పోనీ కమిషన్ అంత గొప్పదా అంటే, తెలంగాణలో 2023లో పెంచితే అయింది క్వింటాలుకు 140 రూపాయలు. నెలకు 100 క్వింటాళ్లు పంచే షాపుకు 14 వేలు. అందులోంచే అద్దె, కరెంటు, హమాలీ కూలి. దీనికోసమా ఎమ్మెల్యే ఇంటి చుట్టూ తిరగడాలు, కొడుకుల కొట్లాటలు? కార్డుదారు దగ్గర కిలో పదికో పన్నెండుకో కొని మిల్లుకు తోలే బియ్యంలో ఉంది అసలు కిటుకు. 2024 నవంబరులో కాకినాడ పోర్టులో రేషన్ బియ్యం ఎక్కిందంటూ ఓడ దగ్గర జరిగిన హడావుడి అందరం చూశాం. ఆంధ్రలో 2021లో ఇంటింటికీ రేషన్ ఇవ్వడానికి తెచ్చిన 9,260 బండ్లు ఆగి, 2025 జూన్ 1 నుంచి పంపిణీ మళ్లీ షాపులకు వచ్చింది. షాపుకు గిరాకీ పెరిగింది, దానితోపాటే పోటీ కూడా.

2013 ఆహార భద్రత చట్టం 12వ సెక్షన్ చదవండి. షాపుల లైసెన్సుల్లో పంచాయతీలకు, స్వయం సహాయక బృందాలకు, సహకార సంఘాలకు ప్రాధాన్యం ఇవ్వాలని, నిర్వహణ మహిళల చేతికి రావాలని ఉంది. మా ఊళ్లో ఆడవాళ్ల పొదుపు సంఘాలకు లక్షల అప్పులిచ్చి, పైసాతో సహా వసూలు చేసుకునే బ్యాంకులున్నాయి. ఆ సంఘాల చేతికి 100 క్వింటాళ్ల బియ్యం ఇవ్వడానికి మాత్రం ఏ పార్టీకీ చెయ్యి రాదు. కార్యకర్తకు ఏం పెడతారు మరి!

అదే చట్టం 29వ సెక్షన్ ప్రకారం షాపు స్థాయిలోనూ విజిలెన్స్ కమిటీ ఉండాలి. వచ్చే గ్రామసభలో లేచి నిలబడి, మీ షాపు కమిటీ సభ్యుల పేర్లు పైకి చదవమని అడగండి.